నెత్తురు చెప్పిన మాట

బిలాస్‌పూర్ స్టేషన్లో రైలు నడిపేవాళ్ళు డ్యూటీ ఎక్కే ముందు హాజరు వేయించుకునే గదిని క్రూ లాబీ అంటారు. అందులో కిటికీ పక్క కౌంటరు రాజశ్రీది. వచ్చిన ప్రతి డ్రైవరు చేతా మిషన్లో ఊదించి, తాగలేదని తేలాకే బండి అప్పగించాలి. ఆ పొద్దున గిరిబాబు అనే పెద్ద డ్రైవరు ఊదితే ఎర్రదీపం వెలిగింది. గిరిబాబు చుక్క ముట్టే మనిషి కాదని లాబీ అంతటికీ తెలుసు. అయినా వెనక లైన్లో కుర్రాళ్ళు అప్పుడే ఒకళ్ళ ముఖాలు ఒకళ్ళు చూసుకుంటున్నారు. రాజశ్రీ తొణక్కుండా ఆయన్ని కుర్చీలో కూర్చోబెట్టి, పొద్దుట్నుంచీ నోట్లో ఏం వేసుకున్నారని అడిగింది. దగ్గుకి హోమియో చుక్కలు వేసుకున్నానన్నాడు. వాటిలో స్పిరిట్ ఉంటుంది. నీళ్ళిచ్చి బాగా పుక్కిలించి రమ్మంది. కాసేపాగి మళ్ళీ ఊదించింది. ఈసారి పచ్చదీపం. గిరిబాబు రెండు చేతులూ ఎత్తి ఆమెకి దణ్ణం పెట్టి, కోర్బా గూడ్సు ఎక్కడానికి వెళ్ళిపోయాడు.

తలెత్తి చూస్తే గుమ్మం అవతల సూర్యం నిలబడి ఉన్నాడు.

సూర్యంతో ఆమెకి మాఘమాసంలో పెళ్ళి. ముహూర్తం ఇంక వారం పైచిలుకు ఉంది. ఆమెకి ముప్పై తొమ్మిది, అతనికి నలభై నాలుగు, ఇద్దరికీ ఇదే మొదటి పెళ్ళి. శుభలేఖలు పంచడం కూడా అయిపోయింది. అతను సిర్గిట్టిలో బాయిలర్ పైపులు చేసే కార్ఖానాలో పని చేస్తాడు. పైపుల అతుకుల్లో లోపాలు బయటికి కనబడవు. మిరియపు గింజంత రేడియేషన్ మూలకాన్ని బరువైన పెట్టెలోంచి కేబులుతో దూరాన్నుంచి బయటికి తోసి, అతుకు వెనక ఫిల్ము పెట్టి ఫొటో తీస్తే లోపల బుడగ ఉందో, చీలిక ఉందో తేలిపోతుంది. అదీ అతని పని. వాళ్ళ మధ్య 'గారు'లు ఇంకా పోలేదు.

"ఏటి సూర్యం గారూ, అక్కడే నిలబడిపోయారు? లోపలికి రండి," అంది.

అతను రాలేదు. డ్యూటీ దిగాక మాట్లాడతానని, ప్లాట్‌ఫారం చివర బెంచీ దగ్గర ఉంటానని చెప్పి వెళ్ళిపోయాడు. మధ్యాహ్నం రాజశ్రీ వెళ్ళేసరికి బెంచీకి ఆ చివర కూర్చుని ఉన్నాడు. ఆమె కూర్చోగానే ఇంకాస్త జరిగాడు. టీ తెప్పించి గ్లాసు అందించబోతే, బెంచీ మీద పెట్టమన్నాడు.

అప్పుడు చెప్పాడు. ఆ పని చేసేవాళ్ళంతా జాకెట్టుకి ఒక చిన్న బ్యాడ్జి తగిలించుకోవాలి. ఒంటి మీద ఎంత రేడియేషన్ పడిందో అది పట్టుకుంటుంది. మూడు నెలలకోసారి దాన్ని ముంబయి పంపిస్తారు. ఈసారి అతని బ్యాడ్జిలో ఏడాదికి పడదగినదానికి పదింతల పైన పడ్డట్టు వచ్చింది. మేనేజరు మనీష్ మర్నాడే అతన్ని పనిలోంచి తీసేసి గోడౌనులో కూర్చోబెట్టాడు. నువ్వే ఎక్కడో అజాగ్రత్తగా మూలకం దగ్గరికి పోయుంటావు, ఆ మాట ఒప్పేసుకో, పెద్ద ఆర్డరు చేతిలో ఉంది, తనిఖీలూ గినిఖీలూ వస్తే పనంతా ఆగిపోతుంది అన్నాడట. అతను ఎంత గుర్తుచేసుకున్నా అలా పోయిన రోజు లేదు. ఈలోగా సంగతి కార్ఖానా దాటి రైల్వే కాలనీ దాకా పాకింది. క్యాంటీను వాడు అతనికి కాగితం కప్పులో టీ పోసి నేల మీద పెట్టి, కాలితో ఇటు తోశాడు. పక్క క్వార్టరావిడ తన పిల్లల్ని సూర్యం వాళ్ళ అరుగు మీదికి రానివ్వడం లేదు.

"మిమ్మల్ని ఇందులోకి లాగడం ధర్మం కాదు. పెళ్ళి ఆపేద్దాం రాజశ్రీ గారూ," అన్నాడు.

రాజశ్రీ టీ గ్లాసు చేత్తో తీసుకుని బెంచీ మీద జరుగుతూ జరుగుతూ అతని పక్కకి వెళ్ళి, గ్లాసు అతని చేతిలోనే పెట్టింది.

"అచ్ఛా. అది బ్యాడ్జి చెప్పిన మాట. మీ ఒళ్ళేమంది? రెండో పరీక్ష ఉండదా దీనికి?"

ఉంది. ముంబయిలో ఒక ల్యాబులో నెత్తురు తీసి చూస్తారు. పంపించమని కార్ఖానాకి మెయిలు కూడా వచ్చింది. ఆర్డరు అయిపోయాక వచ్చే నెల చూద్దామని మనీష్ పక్కన పెట్టేశాడు.

"వచ్చే నెల దాకా ఎందుకు? రేపే ముంబయి మెయిలు బండి ఉంది," అంది రాజశ్రీ.

*

తమ్ముడు నాగేంద్ర ఆ సాయంత్రమే నెహ్రూ నగర్ నుంచి స్కూటరేసుకుని వచ్చాడు. బ్యాంకు ఉద్యోగి, ఏదైనా తాపీగా ఆలోచించే మనిషి. పెళ్ళి మానమనడం లేదు అప్పా, రిపోర్టు వచ్చేదాకా ఆగమంటున్నాను, తెలివైన పని, సమఝ్‌దారీ, అదే కదా అన్నాడు. రాజశ్రీ పెట్టెలో చీరలు సర్దుతూ విన్నది. అతని మాటలో చెడ్డ లేదని ఆమెకి తెలుసు. కానీ ఆ క్యాంటీను వాడు కాలితో తోసిన కాగితం కప్పు ఆమె కళ్ళ ముందు నుంచి పోలేదు. తను కూడా ఆగితే, తన కాలితోనూ ఒక తోపు తోసినట్టే అనిపించింది. ఆ మాట తమ్ముడికి ఎలా చెప్పాలో తెలియక, ముహూర్తం మారదు, నువ్వు వంటవాళ్ళ సంగతి చూడు అని మాత్రం అంది.

పెళ్ళికాని ఆడా మగా ఇద్దరే అంత దూరం ఎలా వెళ్తారన్న ప్రశ్న ఎవరూ వేయకముందే, సూర్యం తల్లి చిన్నతల్లి చేతిసంచీతో స్టేషనుకి దిగిపోయింది. శ్రీకాకుళం దగ్గర పుట్టి, పెళ్ళయి బిలాస్‌పూర్ వచ్చి యాభై ఏళ్ళయినా ఆమె మాటలో ఆ మట్టి అలాగే ఉంది. బండి కదలగానే సంచీలోంచి పులిహోర, వేయించిన వడియాలు తీసి ముగ్గురికీ వడ్డించింది. సూర్యం తన విస్తరి తీసుకుని పై బెర్తు మీదికి ఎక్కబోతే కాలు పట్టుకుని కిందికి లాగింది.

"ఎక్కడికెల్తున్నావు? దిగు. నా కడుపులో ఉన్నోడివి, నాకంటుకోనిది ఇప్పుడంటుకుంటాదేటి? కూకో. ఆ గుంట పక్కన కూకో."

నలభై దాటబోతున్న రాజశ్రీ ఆమెకి గుంట, చిన్నపిల్ల. ఎదుటి సీటులోని మరాఠీ ముసలాయన, భాష తెలియకపోయినా, ఆ చెయ్యి చూపించిన తీరుకి నవ్వాడు. సూర్యం దిగి రాజశ్రీ పక్కన కూర్చున్నాడు. రాయగఢ్ వైపు నుంచి ఎక్కిన పాటగాడెవడో పక్క బోగీలో డోలక్ వాయిస్తున్నాడు. దుర్గ్ దాటేసరికి చిన్నతల్లి ఆ మరాఠీ ఆయనకి పులిహోర పెట్టి, గోందియా వచ్చేసరికి ఆయన భార్య మోకాళ్ళ నొప్పికి మందు చెప్పింది. రాజశ్రీకి నవ్వాగలేదు. చాలా ఏళ్ళుగా ఆమె ఎక్కడికి వెళ్ళినా ఒక్కతే వెళ్ళింది. కిటికీలోంచి గాలి కొడుతుంటే, పక్కన ఉన్న మనిషి తన వడియాల్లో సగం చప్పుడు కాకుండా ఆమె విస్తట్లోకి జరపడం చూసింది. చూడనట్టు తినేసింది.

ల్యాబులో డాక్టరు పేరు హరిప్రియ. విజయనగరం అమ్మాయే. చిన్నతల్లి మాట విన్న మరుక్షణం హిందీ ఒగ్గేసి తెలుగులోకి వచ్చేసింది. ఆకుపచ్చ మూత ఉన్న గొట్టంలోకి నెత్తురు తీసి, అది గడ్డకట్టకుండా రెండు అరచేతుల మధ్యా మెల్లగా అటూ ఇటూ తిప్పింది. ఈ నెత్తుట్లో తెల్లకణాల్ని రెండు రోజులు వెచ్చగా ఉంచి పెంచాలని, అవి రెండుగా చీలబోయే సమయానికి ఆపి అద్దం మీద పరిచి చూస్తామని చెప్పింది. ఎలా ఉంటుందో చూపిస్తానని ఇంకెవరిదో పాత స్లైడు మైక్రోస్కోపు కింద పెట్టింది.

సూర్యం వంగి చూశాడు, తర్వాత రాజశ్రీ చూసింది. తెల్లటి వెలుతుర్లో ఊదా రంగు బొమ్మలు, చేతులూ కాళ్ళూ చాపి పడుకున్నట్టు ఉన్నాయి. ఒక్కొక్కదానికీ ఒక చోట నొక్కినట్టు సన్నటి నడుం.

"ఇవి క్రోమోజోములు," అంది హరిప్రియ. "ప్రతిదానికీ ఒకటే నడుం ఉండాలి. రేడియేషన్ గట్టిగా తగిలితే రెండు తెగిపోయి, మళ్ళీ అతుక్కునేటప్పుడు ఒకదానిది ఒకదానికి అతుక్కుంటాయి. అప్పుడు రెండు నడుములున్నది తయారవుతుంది. అలాంటివి ఎన్ని కణాల్లో ఎన్నున్నాయో లెక్కపెడితే, ఒంటికి ఎంత తగిలిందో అంచనా కట్టొచ్చు. నెలలు గడిచినా ఆ గుర్తు ఉంటుంది."

సూర్యం ఇంకోసారి వంగి, ఒక మూల ఉన్న బొమ్మ దగ్గర ఆగాడు. దానికి రెండు నొక్కులున్నాయి. కాసేపు అలాగే చూసి తల ఎత్తాడు. బెంచీ మీద ఆ రోజు కూర్చున్న మనిషి కాదు. పనిలో ఉన్న మనిషి.

"అయితే మీరూ అతుకులే చూస్తారన్నమాట," అన్నాడు.

హరిప్రియ ఇన్నేళ్ళలో ఎవరూ ఆ మాట అనలేదని ఒప్పుకుంది. ఇద్దరూ కూర్చుని చాలాసేపు ఫిల్ముల గురించీ స్లైడుల గురించీ మాట్లాడుకున్నారు. అతుకులో బుడగ ఎలా కనిపిస్తుందో అతను గాలిలో వేలితో గీసి చూపించాడు. ఒక బొమ్మ మీద ఇంకోటి పడితే నడుములు లెక్కపెట్టడం ఎంత కష్టమో ఆమె చెప్పింది. బ్యాడ్జి తను ఎక్కడ ఉందో అక్కడ పడ్డదే చెబుతుందనీ, నెత్తురు మనిషి మీద పడ్డది చెబుతుందనీ అంది. రెండూ మామూలుగా ఒకటే అవుతాయి, ఎప్పుడో తప్ప, అంది. ఆ చివరి మాట దగ్గర రాజశ్రీ చెంగు గట్టిగా పట్టుకుంది.

చిన్నతల్లి కూడా మైక్రోస్కోపులో చూస్తానంది. ఒక కన్ను మూసుకోవడం చేతకాక చెయ్యి అడ్డం పెట్టుకుని చూసి, ఇన్ని మడుసుల బొమ్మలు వొంట్లో ఎట్టుకుని తిరుగుతన్నామా అని ఆశ్చర్యపోయింది. ఫలితం ఫోనులో చెప్పమని తన నంబరే ఇచ్చింది. పెళ్ళిపీటల మీద వాళ్ళ చేతిలో ఫోనుండదు కదా అంది.

*

పెళ్ళి రైల్వే కాలనీలో తెలుగు సంఘం హాల్లో. పొద్దున ముహూర్తం. నాగేంద్ర వంటవాళ్ళ సంగతి చూశాడు, పూలు చూశాడు, మామిడాకులు తనే కట్టాడు, అయినా ముఖం విచ్చుకోలేదు. పిలిచినవాళ్ళలో సగం మందే వచ్చారు. వచ్చినవాళ్ళలో కొందరు గుమ్మం దగ్గర కుర్చీల్లోనే కూర్చున్నారు. లాబీ నుంచి డ్రైవర్లు మాత్రం డ్యూటీ దిగినవాళ్ళు దిగినట్టే యూనిఫారాలతో వచ్చి, గిరిబాబు వెనకాల ముందు వరసంతా నింపేశారు.

రాజశ్రీకి భయం లేదని కాదు. రాత్రి నిద్రపట్టక, నెత్తురు కూడా బ్యాడ్జి మాటే చెబితే ఏమిటని ఆలోచించింది. చెబితే చెప్పింది. మనిషిని అప్పుడు చూసుకోవాలి కదా, అప్పుడు అసలు ఎవరో ఒకళ్ళు పక్కనుండాలి కదా అనుకున్నాక నిద్రపట్టింది.

జీలకర్ర బెల్లం పెట్టే వేళకి చిన్నతల్లి బొడ్లో ఫోను మోగింది. రాజశ్రీ తెర పక్కనుంచి చూసింది. అత్త ఒక చెవి మూసుకుని గోడ దగ్గరికి వెళ్ళింది. విన్నది. మళ్ళీ చెప్పమన్నట్టు తల ఊపింది. ఫోను ఆపేసి, కళ్ళు తుడుచుకుని, వచ్చి తన చోట తను కూర్చుంది. రాజశ్రీ కళ్ళతో అడిగింది. చిన్నతల్లి ఆమె చూపుకి దొరక్కుండా పంతులు గారి వైపు తిరిగి, కానీండి బాబూ, ముహూర్తం దాటిపోతాది అంది. సూర్యం ఇవేవీ చూడలేదు. అతని చెయ్యి రాజశ్రీ తల మీద ఉంది.

మేళం గట్టిగా మోగింది. సూర్యం మూడు ముళ్ళూ వేశాడు. అక్షింతలు పడ్డాయి. అప్పుడు చిన్నతల్లి లేచి, పీటల ముందు నిలబడి, గుమ్మం దగ్గర కుర్చీలకి కూడా వినబడేలా చెప్పింది.

"డాట్టరమ్మ ఫోను సేసింది. మా వోడి నెత్తురు సల్లగుంది. అందరి నెత్తురూ ఎలాగుంటాదో అలాగే ఉంది. ఆ బ్యాడ్జి సెప్పిందేటీ వోడి వొంట్లో లేదంట."

గిరిబాబు ముందు లేచాడు. డ్రైవర్లందరూ చప్పట్లు కొడుతుంటే మేళగాళ్ళు ఏం జరిగిందో తెలియకుండానే మళ్ళీ అందుకున్నారు. గుమ్మం దగ్గర కుర్చీలు ఒక్కొక్కటే ముందుకి జరిగాయి. నాగేంద్ర వచ్చి బావ పక్కన కూలబడి, అతని భుజం మీద చెయ్యి వేసి అలా ఉండిపోయాడు. సూర్యం తల వంచుకుని పసుపు బట్టతో ముఖం తుడుచుకుంటున్నాడు. నవ్వుతున్నాడో ఏడుస్తున్నాడో తెలియలేదు. రెండూ అయి ఉంటాయి.

భోజనాల వేళ రాజశ్రీ హరిప్రియకి ఫోను చేసి సరిగ్గా కనుక్కుంది. అసలు ఏమీ పడలేదని చెప్పలేను, అంత చిన్నది ఈ పరీక్షకి అందదు, కానీ బ్యాడ్జి చెప్పినంత పడి ఉంటే కచ్చితంగా కనబడేది, లేదు అంది హరిప్రియ. తర్వాత అత్తని పట్టుకుని, అంతసేపు ఎందుకు చెప్పలేదని నిలదీసింది. చిన్నతల్లి ఆమె గడ్డం పట్టుకుంది.

"ముందే సెప్పీసినాననుకో, రిపోట్టు సూసి మెడొంచిందనేవోళ్ళు. నువ్వలాగ ఒంచలేదు కదమ్మా. అది అందరూ సూడాల."

*

మర్నాడు సూర్యం క్వార్టర్లో రాజశ్రీ తన బట్టలు సర్దుకుంటోంది. అతను కిటికీ దగ్గర కూర్చుని అదే ఆలోచన చేస్తున్నాడు. ఒంటి మీద పడకపోతే బ్యాడ్జి మీద ఎలా పడింది? ఎవరో కావాలని చేశారా? ఎవరి మీదా అనుమానపడాలని అతనికి లేదు. ఆ మూడు నెలల్లో బ్యాడ్జి తన జాకెట్టుని వదిలింది లేదు, జాకెట్టు తన ఒంటిని వదిలింది లేదు అన్నాడు.

"జాకెట్టు లేకుండా ఒకరోజు మా ఇంటికొచ్చారు కదా," అంది రాజశ్రీ చీర మడత పెడుతూ. "పెళ్ళిచూపులకి. కొత్త చొక్కా, తలంతా తడిసి. టవలిస్తే దాంతో చొక్కా తుడుచుకున్నారు."

మడత పూర్తిచేసి ఆమె తిరిగి చూస్తే సూర్యం చెవులు ఎర్రబడి ఉన్నాయి.

దసరా సెలవుల ముందు రోజది. సాయంత్రం వాళ్ళింటికి వెళ్ళాలని మధ్యాహ్నం నుంచే అతనికి కాళ్ళు నిలవలేదు. మూలకం పెట్టెని గదిలో పెట్టి తాళం వెయ్యబోతుంటే వాన మొదలైంది. రేకు కప్పు కారుతోంది. సరిగ్గా పెట్టె మీదే చుక్కలు పడుతున్నాయి. తాళం దగ్గర తుప్పు పడుతుందని ఒంటి మీది జాకెట్టు విప్పి పెట్టె మీద కప్పి, కొత్త చొక్కా తొడుక్కుని, తాళం వేసి పరిగెత్తాడు. సీసం గోడల పెట్టె అయినా కొంచెం కొంచెం బయటికి వస్తూనే ఉంటుంది. మనిషి దాని దగ్గర నిమిషం నిలబడితే లెక్కలోకి రాదు. జాకెట్టూ దాని బ్యాడ్జీ సెలవులన్నీ, పగలూ రాత్రీ దాని మీదే ఉన్నాయి. వచ్చాక తీసి దులిపి తొడుక్కున్నాడు. మళ్ళీ ఈ క్షణం దాకా ఆ సంగతి గుర్తు లేదు.

రాజశ్రీ మడత పెట్టిన చీర మీదే కూర్చుని నవ్వింది. నవ్వి నవ్వి కళ్ళల్లో నీళ్ళొచ్చాయి. అతను ముందు సిగ్గుపడ్డాడు, తర్వాత అతనూ అందుకున్నాడు. నవ్వు తగ్గాక మాత్రం ఈ సంగతి మనీష్‌కి చెప్పాలన్నాడు. రిపోర్టు సంగతి తెలిసి పని మీదికి రమ్మని మనీష్ అప్పటికే ఫోను చేశాడు, ఇంక ఎవరూ ఏమీ అడగరు కూడా. అయినా చెప్పకపోతే, ఆ గదిలో రేపు ఇంకెవరో ఇదే చేస్తారు. నేనూ వస్తాను అంది రాజశ్రీ.

మనీష్ వాళ్ళిద్దర్నీ చూసి లేచి నిలబడ్డాడు. ముబారక్ అన్నాడు, మిఠాయి తెప్పించాడు, ఆర్డరు ఆగిపోయి ఉంది, ఈ రోజు నుంచే మొదలుపెట్టమన్నాడు. సూర్యం నిలబడే హిందీలో అంతా చెప్పాడు. మనీష్ నమ్మలేనట్టు చూశాడు. ఇన్నేళ్ళలో ఒక్కనాడూ రేడియేషన్ కొలిచే మీటరు లేకుండా ఆ గడప దాటని మనిషివి, జాకెట్టు దాని మీద ఎలా మరిచిపోయావు, అంత తొందరేం వచ్చిందని అడిగాడు.

సూర్యం పక్కకి, రాజశ్రీ వైపు, చూశాడు. మనీష్ కూడా అటే చూశాడు. అర్థమయ్యాక కుర్చీలో వెనక్కి వాలి పకపకా నవ్వాడు. నవ్వుతూ నవ్వుతూనే ఆగిపోయాడు. ఆ రేకు కప్పు కారుతోందని వానాకాలం మొదట్నుంచీ సూర్యం చెబుతూనే ఉన్నాడు. తను చూద్దాం, చూద్దాం అంటూనే ఉన్నాడు. మిఠాయి డబ్బా పక్కకి జరిపి, ఫోను తీసి, రేకుల మిస్త్రీని ఇప్పుడే రమ్మన్నాడు. బ్యాడ్జీలు పెట్టుకోవడానికి ఆఫీసు గోడకి కొక్కేలు కొట్టిస్తానని కూడా అన్నాడు. గోడౌనులో కూర్చోబెట్టినందుకు ఏమైనా అనాలని ప్రయత్నించాడు గానీ మాట కుదర్లేదు. సూర్యం తల ఊపాడు, చాలన్నట్టు.

పెట్టెని ముందు వేరే గదిలోకి చేర్పించి, సూర్యం మీటరుతో ఖాళీ గదంతా చూసి, అప్పుడు మిస్త్రీని పైకి ఎక్కనిచ్చాడు. రాజశ్రీ గుమ్మంలోంచి లోపలికి తొంగి చూస్తోంది. ఇంత చిన్న చీకటి గదేనా అనుకుంది. పైన సుత్తి దెబ్బలు పడుతున్నాయి. తుప్పు రాలుతోంది. పాత రేకు ఊడబోతోంది, పక్కకి తప్పుకోండని మిస్త్రీ కేకేశాడు.

"రాజశ్రీ, ఇటొచ్చెయ్," అంటూ సూర్యం చెయ్యి పట్టుకుని ఇవతలికి లాగాడు.

అన్నాక అతనికే తెలిసింది ఏమన్నాడో. ఆమె అతని ముఖంలోకి చూసింది. చెయ్యి వదిలించుకోలేదు. పైన రేకు పెద్ద చప్పుడుతో ఊడి అవతలికి పడింది. ఆ గదిలోకి ఒక్కసారిగా ఎండ దిగింది.